కరువు కాలంలో కుంచె ఎవరి మాట వినాలి?

(అనంతపురం స్టూడియో చర్చ నుంచి)

వ్యాఖ్యాత: నమస్కారం. మన ఊళ్లో కుర్రాళ్లు కరువు మీద గోడ బొమ్మ వేస్తే, అందులో నాయకుడు లేడని రాత్రికి రాత్రే సున్నం కొట్టారు. ముగ్గురికీ సమాన సమయం ఇస్తాను. నా ప్రశ్న ఒక్కటే: కడుపు కాలుతున్నప్పుడు బొమ్మలెందుకు?

రైతు నాయకుడు: జనాన్ని మేలుకొలిపే బొమ్మలు కావాలి! 1942 మేలో చైనాలోని యెనాన్‌లో, తన స్థావరంలో, కమ్యూనిస్టు పార్టీ నాయకుడు మావో కళాకారులను కూర్చోబెట్టి అడిగిందీ ఇదే, మీ కళ ఎవరి కోసమని. ఒకవైపు జపాన్ సేనలు, మరోవైపు అప్పటి ప్రభుత్వ పార్టీ కొమింటాంగ్ దిగ్బంధం. కొండ గుహల్లో కాపురం...

చరిత్ర అధ్యాపకురాలు: అందుకని సున్నం...

రైతు నాయకుడు: పూర్తి చేయనివ్వండమ్మా! సైనికులే బంజరు దున్నారు, నూలు వడికారు. చిత్రకారుడు మాత్రం తనకు తోచింది గీస్తానంటే ఎలా?

వ్యాఖ్యాత: అంటే ముందు అన్నం, తర్వాతే బొమ్మ?

అధ్యాపకురాలు: ఆ చిత్రకారుల సంగతే వినండి. వాళ్లు చెక్క మీద చెక్కి అచ్చువేసిన తొలి బొమ్మల్లో నీడ కోసం ముఖం సగం నల్లగా ఉండేది. సగం ముఖం నలుపేమిటని రైతులే అడిగారు. కళాకారులు నీడ తీసేసి, గీతలతో ముఖాన్ని తేటపరిచారు. సున్నం కొట్టలేదు, రైతు చెబితే విన్నారు.

తోలుబొమ్మల కళాకారుడు: మా నిమ్మలకుంటలోనూ అంతే. మేకతోలును వెలుగు ఆవలికి దూకేంత పలచగా గీకుతాం. ఉలి ఒక్కచోట తప్పితే తెర మీద కన్ను మెల్లకన్నవుతుంది. ముందు వరుసలోని అవ్వ అక్కడే...

వ్యాఖ్యాత: తోలు సంగతి తర్వాత. కరువులో ఆట ఎవరు చూస్తారు?

కళాకారుడు: వానలు పడకపోతేనే కదండీ విరాటపర్వం ఆడించేది!

రైతు నాయకుడు: ఆడించండి, కాదనను. కానీ క్రమశిక్షణ ఉండాలి. యెనాన్‌లో...

అధ్యాపకురాలు: అదే యెనాన్‌లో, అదే 1942లో, పార్టీలోని హెచ్చుతగ్గుల మీద రాసిన రచయిత వాంగ్ షీవైని ఏం చేశారు? నిర్బంధించారు, 1947లో చంపేశారు. తప్పు ఒప్పుకోవడానికి 1991 దాకా పట్టింది!

రైతు నాయకుడు: (గొంతు పెంచి) యుద్ధమమ్మా అది! ఇల్లు కాలుతుంటే...

వ్యాఖ్యాత: ఆకలి ఉన్నచోట నాయకుడి మాటే ముందన్నమాట.

అధ్యాపకురాలు: ఎవరి ఆకలి? ఆ గోడ మీద ఉన్నది ఖాళీ బిందెతో నిలబడ్డ అవ్వ. ఆమెను చెరిపి...

వ్యాఖ్యాత: సమయం అయిపోయిందమ్మా. చివరి మాట మీదే సార్.

రైతు నాయకుడు: మూడోసారి చెబుతున్నాను, క్రమశిక్షణ!

కళాకారుడు: ఆ అవ్వను మళ్లీ గీయనిస్తారా?

రైతు నాయకుడు: అది మా సంఘంలో చర్చించాలి.