స్క్రూ లేకుండా స్టడ్ బిగిస్తే ఆగుతుందా?

యాంకర్: మేస్త్రీ గారూ, జిప్సం బోర్డు వెనకాల రేకు ఫ్రేమ్ కట్టేటప్పుడు నిలువుగా నిలబెట్టే స్టడ్‌కీ, కిందా పైనా అడ్డంగా వేసే ట్రాక్‌కీ కలిపి స్క్రూ కొడతారనుకున్నాను. మీరేమో ప్లయర్‌తో టక్కున నొక్కి ముందుకెళ్లిపోతున్నారు!

మేస్త్రి: దీన్ని క్రింపింగ్ ప్లయర్ అంటారు. ట్రాక్ అంచు, స్టడ్ అంచు ఒకదానికొకటి ఆనుకుని ఉంటాయి కదా, ఆ రెండు రేకుల్నీ దీని దవడల మధ్య పెట్టి పిడి నొక్కాలి. లోపలి మొన రెండింటినీ చీల్చుకుని అవతలికి వెళ్తుంది. చీలిన రేకు ఊడి పడిపోదు, చిన్న చెవిలా వెనక్కి మడుచుకుంటుంది. పట్టంతా ఆ మడతలోనే ఉంది.

యాంకర్: స్క్రూ కన్నా గట్టిగా ఉంటుందా?

మేస్త్రి: ఉండదండీ. ఉండాల్సిన పని కూడా లేదు. బోర్డు ఎక్కేదాకా స్టడ్ కదలకుండా, తిరగకుండా ఉంటే చాలు. బోర్డు స్క్రూలు పడ్డాక గోడంతా ఒక్కటైపోతుంది. అసలు లాభం వేరే ఉంది. స్క్రూ తల రేకు మీద ఉబ్బుగా నిలబడుతుంది, దాని మీద బోర్డు పెడితే అక్కడ చిన్న ఎత్తు వస్తుంది. క్రింప్‌కి ఆ తంటా తక్కువ. ఒకటే జాగ్రత్త, మొన బయటి నుంచి లోపలికి దిగాలి. మడత స్టడ్ లోపలి వైపు పడాలి. తిరగేసి కొడితే పదును బయటికొచ్చి బోర్డునీ పొడుస్తుంది, చేతినీ కోస్తుంది.

యాంకర్: ఎంత మందం రేకు దాకా పనిచేస్తుంది?

మేస్త్రి: అర మిల్లీమీటరు చుట్టుపక్కల ఉండే పలచటి రేకుకి హాయిగా దిగుతుంది. మందం పెరిగే కొద్దీ మొన దిగదు, దిగినా మడత సరిగా పడదు. పొడవు పిడుల ప్లయర్‌తో రెండు చేతులా నొక్కితే కొంచెం నయం. బరువు మోసే ఫ్రేమ్‌కి మాత్రం అసలు వాడొద్దు. తలుపు పక్కన మందం స్టడ్ వేస్తే అక్కడ కూడా స్క్రూయే వేయండి. తలుపు కొట్టుకున్నప్పుడల్లా అదిరే చోటు అది.

యాంకర్: మరి పైన, స్లాబ్ దగ్గర?

మేస్త్రి: మంచి ప్రశ్న. చాలామంది చేయి ఊరుకోక పైన కూడా నొక్కేస్తారు. స్లాబ్ బరువుకి కొద్దిగా కిందికి వంగుతుంది. ఆ కదలికకి చోటు ఇవ్వాలని డిజైన్‌లో ఉంటే, స్టడ్‌ని పొట్టిగా కోసి పై ట్రాక్‌లో వదులుగా నిలబెడతాం. అక్కడ క్రింప్ చేస్తే వదిలిన ఖాళీకి అర్థమే లేదు. స్లాబ్ స్టడ్‌ని నొక్కుతుంది, పగుళ్లు బోర్డు మీద కనిపిస్తాయి. పెయింట్ వేసినవాడు తిట్లు తింటాడు, పాపం.

యాంకర్: (నవ్వు) కొత్తగా నేర్చుకునేవాళ్లు ముందు దేన్ని చూసుకోవాలి?

మేస్త్రి: స్టడ్‌ల దూరం. సాధారణంగా 400 లేదా 600 మిల్లీమీటర్ల సెంటర్లు, అంటే ఒక స్టడ్ మధ్య నుంచి పక్క స్టడ్ మధ్యకి ఉండే దూరం. బోర్డు అంచు స్టడ్ మధ్యలో పడాలి కాబట్టి గుర్తు పెట్టుకుని, నిలువు చూసుకుని, అప్పుడే నొక్కాలి. రెండు వైపులా ఒక్కోటి. ఒక్క వైపే నొక్కితే స్టడ్ మెలి తిరుగుతుంది.

యాంకర్: తప్పు చోట నొక్కేస్తే?

మేస్త్రి: స్క్రూ ఊడినంత తేలిగ్గా ఇది ఊడిరాదు. స్క్రూడ్రైవర్ మొనతో ఆ చెవిని లేపి, రేకుల్ని విడదీయాలి. పడిన చిల్లు అలాగే ఉంటుంది కాబట్టి మళ్లీ అక్కడే కాకుండా పక్కన కొత్త చోట నొక్కాలి. గ్లవ్స్ వేసుకోండి, విడదీసిన రేకు బ్లేడుతో సమానం.