ఫలానా డీఎల్ఎల్ దొరకలేదు అన్నప్పుడు

అందరికీ నమస్కారం.

పాట పెడతాం. ప్లేయర్‌లో సెకన్లు గడుస్తుంటాయి, స్పీకర్ మాత్రం నోరు విప్పదు. లేదా ప్రోగ్రామ్ తెరవగానే ‘ఫలానా డీఎల్ఎల్ దొరకలేదు’ అని ఒక పెట్టె వచ్చి కూర్చుంటుంది. రెండూ ఒకటే జబ్బు అని నేను చాలాకాలం అనుకున్నాను. కాదు.

డీఎల్ఎల్ అంటే డైనమిక్ లింక్ లైబ్రరీ. శబ్దం వినిపించే పని ప్రతి ప్రోగ్రామూ సొంతంగా రాసుకోనక్కర్లేకుండా, అందరూ వాడుకునే కోడ్‌ని విండోస్ ఇలాంటి ఫైళ్లలో పెట్టింది. పది ప్రోగ్రాములు ఒకే డీఎల్ఎల్‌ని వాడుతున్నా, దాని కోడ్ మెమరీలో మామూలుగా ఒక్కసారే ఉంటుంది. ఎవరి డేటా వారిది.

మీరు ప్లే నొక్కాక ఏం జరుగుతుందో చూద్దాం. పాత ప్రోగ్రామైతే విన్‌ఎంఎం.డీఎల్ఎల్‌ని పిలుస్తుంది, పాత గేమైతే డీసౌండ్.డీఎల్ఎల్‌ని. విండోస్ విస్టా నుంచి ఏ దారిన వచ్చినా చివరికి చేరేది ఎంఎండెవ్ఏపీఐ, ఆడియోసెస్ అనే రెండు డీఎల్ఎల్‌ల దగ్గరికే. మొదటిది ఏ స్పీకర్, ఏ మైకు ఉన్నాయో వెతికి పెడుతుంది. రెండోది ఆ ప్రోగ్రామ్ శబ్దాన్ని అందుకుంటుంది. అక్కడి నుంచి ఆడియోడీజీ అనే ప్రాసెస్‌లో అన్ని శబ్దాలూ కలిసి, సౌండ్ కార్డుని నడిపించే డ్రైవర్ అనే సాఫ్ట్‌వేర్‌కి, డ్రైవర్ నుంచి సౌండ్ కార్డుకి వెళ్తాయి. డ్రైవర్ అసలు ఫైల్ చివర సిస్ అని ఉంటుంది, అది డీఎల్ఎల్ కాదు.

ఆడియోడీజీని విడిగా ఎందుకు పెట్టారంటే, బేస్ పెంచడం, ఎకో తగ్గించడం లాంటి హంగుల కోసం సౌండ్ కార్డు తయారీదారులు ఇచ్చే డీఎల్ఎల్‌లు అందులోనే లోడ్ అవుతాయి. వాటిలో ఒకటి చెడినా మొత్తం ఆడియో సర్వీస్ కూలిపోకూడదు కదా. అందుకే శబ్దం గరగరమన్నా, ఆగి ఆగి వస్తున్నా నేను ముందు సౌండ్ సెట్టింగ్స్‌లో ఆడియో ఎన్‌హాన్స్‌మెంట్స్ ఆపేసి చూస్తాను.

ఇక నా సొంత తలనొప్పి. ఒకసారి గొంతు రికార్డు చేసే ప్రోగ్రామ్ వేసుకుంటే ‘ఎంఎస్‌వీసీపీ140.డీఎల్ఎల్ దొరకలేదు’ అంది. శబ్దం ప్రోగ్రామ్ కాబట్టి ఇదీ శబ్దం ఫైలే అనుకున్నాను. డీఎల్ఎల్‌లు విడిగా ఇచ్చే ఏదో సైట్ నుంచి దించి ప్రోగ్రామ్ ఫోల్డర్‌లో పడేశాను. ప్రోగ్రాములు మామూలుగా ముందు తమ ఫోల్డర్‌లోనే వెతుక్కుంటాయి కాబట్టి ఫైల్ దొరికింది. కానీ ప్రోగ్రామ్ 32 బిట్, నేను తెచ్చింది 64 బిట్, ఆ రెండు రకాలూ ఒకే ప్రోగ్రామ్‌లో కలవవు. ఈసారి చివర 7బీ అని ఉండే ఎర్రర్ కోడ్ వచ్చింది. సాయంత్రమంతా టెన్షన్. చివరికి మొదటి మెసేజ్ మళ్లీ తెచ్చుకుని నిదానంగా చదివితే, ప్రోగ్రామ్‌ని మళ్లీ ఇన్‌స్టాల్ చేస్తే సరిపోవచ్చని రెండో వాక్యంలోనే ఉంది! ఆ ఫైల్‌కి శబ్దంతో సంబంధమే లేదు. అది విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అనే, చాలా ప్రోగ్రాములు ఉమ్మడిగా వాడుకునే ఫైళ్ల ప్యాకేజీలోది. మైక్రోసాఫ్ట్ నుంచి దాని 32 బిట్ ప్యాకేజీ వేశాక రెండు నిమిషాల్లో పని అయిపోయింది.

ఈ 32, 64 గోలలో ఇంకో తమాషా ఉంది. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, సిస్‌వావ్64లో ఉండేవి 32 బిట్‌వి. పేర్లు తిరగబడ్డాయని మొదట నవ్వొస్తుంది. పాత ప్రోగ్రాములు సిస్టమ్32 అనే పేరునే నమ్ముకుని ఉండటంతో ఆ పేరు అలాగే ఉంచేశారు.

డీఎల్ఎల్ సైట్ల జోలికి మాత్రం వెళ్లకండి. ఎవరు మార్చారో తెలియని కోడ్‌ని మన చేత్తో మనమే ఇంట్లోకి పిలిచినట్టవుతుంది. పోయింది విండోస్ సొంత ఫైలైతే, అడ్మినిస్ట్రేటర్‌గా కమాండ్ ప్రాంప్ట్ తెరిచి ఎస్‌ఎఫ్‌సీ స్కాన్‌నౌ కమాండ్ నడపండి, చెడినవాటిని అది వెతికి బాగుచేస్తుంది. సౌండ్ కార్డు తయారీదారుదైతే వాళ్ల డ్రైవర్ ప్యాకేజీ మళ్లీ వేయండి. ప్రోగ్రామ్‌దైతే ప్రోగ్రామ్‌ని.

ఎవరిదో ఎలా తెలుస్తుందంటారా? ఇప్పుడే చూపిస్తాను. సిస్టమ్32 తెరిచి, ఆడియోసెస్ మీద రైట్ క్లిక్ చేసి, ప్రాపర్టీస్‌లో డీటెయిల్స్ నొక్కుదాం. కాపీరైట్ దగ్గర ఎవరి పేరుందో వెనక వరుస వాళ్లు కాస్త చదివి చెప్పండి.