శ్రుతి గడియారం

శ్రోతలందరికీ నమస్కారం. ఈ రోజు నేను మాట్లాడబోయేది ఇంకా ఎవరూ తయారుచేయని ఒక పెట్టె గురించి. పూర్తిగా నా ఊహ. శ్రుతి గడియారం అని పేరు పెట్టుకున్నాను. టైమ్ తప్పకూడదు, శ్రుతి జారకూడదు. రెంటినీ ఆ ఒక్క పెట్టే చూసుకోవాలి. రెండు పనులు ఒకదానికే ఎందుకంటారా? సెకనుకు ఎన్ని కంపనాలో లెక్కపెడితే కాలం తెలుస్తుంది. అవే కంపనాలు చెవికి అందే వేగంలో ఉంటే స్వరమవుతుంది.

మే నెలలో మన తిరుపతిలో ఒక పెళ్లి పందిరి తీసుకోండి. తెల్లవారుజామున చల్లగా ఉండగా మేళం వాళ్లు శ్రుతి కలుపుకుంటారు. పొద్దెక్కి షామియానా కాగేసరికి ఏ వాద్యం దారి దానిది. గాలి వేడెక్కితే ధ్వని వేగం పెరుగుతుంది. 20 డిగ్రీల దగ్గర సెకనుకు సుమారు 343 మీటర్లు ఉండేది, 40 డిగ్రీలకు 355 దాకా వస్తుంది. నాదస్వరం గొట్టంలో గాలి అంతగా వేడెక్కితే స్వరం పైకి పోతుంది. ఎంత? పక్కపక్కనే ఉన్న రెండు స్వరస్థానాల మధ్య దూరంలో సగానికి పైగా! వీణది ఇంకో దారి. వేడికి తీగ సాగి, బిగువు తగ్గి, స్వరం దిగుతుంది. మృదంగం మూత పొడి ఎండకు బిగుసుకుంటుంది, వాన చెమ్మకు వదులవుతుంది. నాదస్వర విద్వాంసులు ఈ తేడానంతా పెదవుల పట్టుతో, ఊపిరితో గంటల తరబడి సర్దుతూనే ఉంటారు. భోజనాల హడావిడిలో ఉన్న మనకు ఆ శ్రమ తెలియను కూడా తెలియదు. ఈ పెట్టె ఆలోచన నాకు వాళ్ల కోసమే వచ్చింది.

దీని గుండెకాయ క్వార్ట్జ్ స్ఫటికం. నొక్కితే దానిలో విద్యుత్తు పుడుతుందని 1880లో క్యూరీ సోదరులు కనిపెట్టారు. విద్యుత్తు ఇస్తే అదే స్ఫటికం కంపిస్తుంది. ఉయ్యాలను దాని ఊపుకు సరిపడా తోస్తేనే ఎత్తుకు లేస్తుంది కదా, స్ఫటికం కూడా తన సొంత లయకే బాగా స్పందిస్తుంది. అదే అనునాదం. మన చేతి గడియారంలో బుల్లి శ్రుతిదండం (ట్యూనింగ్ ఫోర్క్) ఆకారంలో కోసిన స్ఫటికం సెకనుకు 32,768 సార్లు కంపిస్తుంది. ఆ సంఖ్యను 15 సార్లు సగం చేస్తే సరిగ్గా ఒకటి మిగులుతుంది. సెకను ముల్లు కదిలేది ఆ లెక్క మీదే.

అయితే స్ఫటికానికీ ఎండ తగులుతుంది. ఈ రకం 25 డిగ్రీల దగ్గర బాగా నడుస్తుంది. 40 డిగ్రీల గదిలో వదిలేస్తే రోజుకు అర సెకనుకు పైగా వెనకబడుతుంది. దీనికి ఇంజనీర్లు వేసిన ఉపాయం నాకెంతో ఇష్టం. చల్లబరచడం మానేసి, ఎక్కువ వేడికి తగ్గట్టుగా కోసిన స్ఫటికాన్ని చిన్న ఓవెన్‌లో పెట్టి 70, 80 డిగ్రీల దగ్గర ఉంచుతారు. బయట ఎంత ఎండ కాసినా అంతకంటే తక్కువే కాబట్టి లోపలి వేడి మారదు, కంపనమూ మారదు. నా పెట్టెకూ ఇదే పద్ధతి.

నిలకడ అంటే ఏ స్థాయిలో ఉండాలో చూడాలంటే తిరుపతి దగ్గరి మన గాదంకి చాలు. అక్కడ ఆకాశంలో గాలుల కదలికను కొలిచే ఎం.ఎస్.టి. రాడార్‌లో 1024 యాంటెన్నాలు. సెకనుకు 5 కోట్ల 30 లక్షల కంపనాల తరంగాన్ని ఆకాశంలోకి పంపి, తిరిగొచ్చిన దాన్ని వింటాయి. పైన గాలి సెకనుకు ఒక మీటరు వేగంతో లేస్తుంటే, ఆ 5 కోట్ల 30 లక్షల్లో వచ్చే తేడా మూడో వంతు కంపనం! దాన్ని పట్టాలంటే పోల్చి చూసే కంపనం ఎంత స్థిరంగా ఉండాలి? చిత్తూరు రోడ్డులో వెళ్లేటప్పుడు ఒకసారి ఆ ఊరి పేరు గుర్తుచేసుకోండి.

మళ్లీ పందిరిలోకి వద్దాం. నాదస్వరం పైకి పోతుంటే పెట్టె కూడా వెంట పరుగెత్తాలా? వద్దంటాను. శ్రుతి ఎక్కుతూ పోతే పాడేవాళ్ల గొంతు ఏమవుతుంది? పెట్టె షడ్జమాన్ని, అంటే ఆధారంగా ఉండే ‘స’ స్వరాన్ని, పట్టుకుని కదలకుండా కూర్చోవాలి. మైకుతో వింటూ, ఎంత జారిందో వాయించేవారికి మాత్రం ఒక చిన్న లైటుతో చూపించాలి. సరిదిద్దడం వాళ్ల పని, అది వాళ్లకు బాగా తెలుసు.

లయ జోలికి మాత్రం అది అస్సలు పోకూడదు. ముహూర్తం నిమిషం తప్పకుండా చూపించనివ్వండి. పురోహితుడు చెయ్యెత్తి గట్టిమేళం అన్నాక డోలు ఎంత వేగం అందుకుంటుందో మనందరికీ తెలుసు. ఆ వేగాన్ని ఏ గడియారమూ ఆపకూడదు. అందుకే నా పెట్టెలో టక్కుటక్కుమని తాళం కొట్టే మీట పెట్టలేదు.

వింటున్నవారిలో ఇంజనీరింగ్ పిల్లలుంటే ముందు ఆ లైటు సంగతి చూడండి. మైకు, స్ఫటికం, కొంచెం ప్రోగ్రామింగ్ ఉంటే చాలు. ఓవెన్ తర్వాత చేసుకోవచ్చు. తయారయ్యాక నేరుగా ఒక మేళం వారి దగ్గరికి తీసుకెళ్లి, మధ్యాహ్నం ఎండలో వాయించమని అడగండి. సెలవు.