పల్లావరం రాయి, ఉట్నూరు బూడిద: తవ్వేవాళ్ళకి ఇదంతా ఎలా తెలుస్తుంది?

అందరికీ నమస్కారం. మన చెన్నైకి వాయవ్యంగా అరవై కిలోమీటర్ల దూరంలో అత్తిరంపాక్కం అనే ఊరుంది. అక్కడ దొరికిన రాతి పనిముట్లు పది లక్షల ఏళ్ళకు పైబడినవని పోయిన వీడియోలో చెప్పాను. దాని కింద ఒకాయన కామెంట్ పెట్టారు: "అన్నా, రాయి మీద తారీకు చెక్కి ఉంటుందా? దొరికిన ప్రతి రాయికీ ఓ కథ అల్లి మన నెత్తిన రుద్దుతారు." లైకులు బాగానే పడ్డాయి. నాకేం కోపం రాలేదు. అడిగిన తీరు కాస్త ఘాటుగా ఉందేమో గానీ, చాలామందికి ఉన్న అనుమానమే అది. ఈ వీడియో మొత్తం ఆ ఒక్క కామెంట్‌కి జవాబు.

పల్లావరం నుంచి మొదలుపెడదాం. ఎయిర్‌పోర్టు దాటి తాంబరం వైపు జీఎస్టీ రోడ్డులో వెళ్తుంటే వచ్చే పల్లావరమే. (పన్ను కాదండీ, ఆ రోడ్డు పేరే అంత.) 1863 మే 30న అక్కడ ఎర్ర కంకర కోసం తవ్విన గుంటలో రాబర్ట్ బ్రూస్ ఫుట్‌కి ఒక రాయి దొరికింది. ఆయన జియలాజికల్ సర్వేలో, అంటే నేలనీ రాళ్ళనీ పరిశీలించే ప్రభుత్వ శాఖలో ఉద్యోగి. మన దేశంలో పాతరాతియుగం మనుషులు ఉన్నారన్న సంగతి లోకానికి తెలిసింది ఆ రాయితోనే. అదే ఏడాది ఆయనా, సహోద్యోగి విలియం కింగూ అత్తిరంపాక్కం కూడా చేరుకున్నారు. ఫుట్ పోగుచేసినవి చాలావరకు తర్వాత చెన్నై ఎగ్మోరు మ్యూజియానికి చేరాయి.

సరే, అది మనిషి చెక్కిన రాయని ఎలా తెలుసు? ఏట్లో దొర్లే రాయి అంచులు అరిగిపోతాయి. దేనికో గుద్దుకుంటే ఎక్కడో ఒకచోట పెచ్చు లేస్తుంది, అంతే. చేతిగొడ్డలిని, అంటే పిడి లేకుండా చేత్తోనే పట్టుకుని వాడేలా చెక్కిన రాయిని, దగ్గరగా చూడండి. ఒక కొస సన్నం, రెండో కొస వెడల్పు. రెండు వైపులా పెచ్చులు లేచిన పల్లపు మచ్చలు అంచు పొడవునా వరసగా ఉంటాయి. లేచిన పెచ్చును తిప్పి చూస్తే, దెబ్బ పడిన చోటుకి కాస్త కింద చిన్న ఉబ్బు, అక్కడి నుంచి విచ్చుకున్న సన్నటి అలలు కనిపిస్తాయి. ఏ మచ్చ ముందు పడింది, ఏది తర్వాత పడింది అన్నదీ తెలుస్తుంది. తర్వాత పడినది ముందుదాని అంచును కోసేస్తుంది కదా. ఒక వైపు కొట్టి, తిప్పి, రెండో వైపు కొట్టి, మళ్ళీ తిప్పి... ఇంత వరస ఏటికి ఉండదు. అలాంటివి ఒకే పొరలో గుట్టగా, పక్కనే పెచ్చులతో సహా దొరికాయంటే ఇక వాదన అక్కర్లేదు.

ఇక తారీకు. అత్తిరంపాక్కంలో పురావస్తు శాస్త్రవేత్తలు శాంతి పప్పు, కుమార్ అఖిలేష్ ఏళ్ళ తరబడి తవ్వకాలు జరిపారు. 2011లో వాళ్ళ బృందం ప్రకటించిన లెక్క ఇది: ఆ గొడ్డళ్ళు కనీసం 10 లక్షల 70 వేల ఏళ్ళ నాటివి, సగటున 15 లక్షల ఏళ్ళ చుట్టుపక్కలవి. రాయి ఎండలో నేల మీద పడి ఉన్నంతకాలం అంతరిక్షం నుంచి వచ్చే కిరణాలు తగిలి, అందులోని క్వార్ట్జ్ అనే ఖనిజంలో అల్యూమినియం-26, బెరీలియం-10 అనే పరమాణువులు తయారవుతూ ఉంటాయి. మట్టి కింద లోతుగా పూడిపోతే తయారీ ఆగిపోతుంది. అప్పటికే ఉన్నవి మాత్రం తరుగుతూ వస్తాయి. అల్యూమినియం తొందరగా తరుగుతుంది, బెరీలియం దాదాపు దానికి సగం వేగంతో తరుగుతుంది. ఇప్పుడు రెండూ ఏ పాళ్ళలో మిగిలాయో కొలిస్తే, రాయి ఎప్పుడు పూడిందో లెక్క తేలుతుంది. దీనికి తోడు, ఆ మట్టి పొరల్లో భూమి అయస్కాంత దిక్కు ఇప్పటికి తలకిందులుగా నమోదై ఉంది. భూమికి ఆ దిక్కు మారి సుమారు 7 లక్షల 80 వేల ఏళ్ళయింది, అంటే ఆ పొరలు అంతకన్నా పాతవి. ఒకదానితో ఒకటి సంబంధం లేని రెండు పద్ధతులు ఒకే వైపు వేలు చూపిస్తే, దాన్ని కథ అనడం కష్టం.

కానీ మన కామెంట్ అన్నయ్యకి బలం ఉన్న చోటు ఒకటుంది. ఆ రాళ్ళు చెక్కింది ఎవరు? అత్తిరంపాక్కంలో ఆ పనిముట్లతోపాటు వాటిని చెక్కినవాళ్ళ ఎముకలు దొరకలేదు. 2018లో అదే బృందం, అక్కడ 3 లక్షల 85 వేల ఏళ్ళ కిందటే మధ్య పాతరాతియుగం పద్ధతి మొదలైందని ప్రకటించింది. పెద్ద గొడ్డళ్ళు తగ్గి, ముందే సిద్ధం చేసుకున్న రాయి నుంచి చిన్న పెచ్చులు తీసే పద్ధతి అది. వెంటనే వార్తల్లో మనుషులు ఆఫ్రికా నుంచి మనం అనుకున్నదానికన్నా ముందే వచ్చేశారని వచ్చింది. పనిముట్టు మారితే కొత్త మనుషులు వచ్చారనే అర్థమా? ఉన్నవాళ్ళే కొత్తగా నేర్చుకుని ఉండొచ్చు కదా? మీ ఇంట్లో ఇండక్షన్ స్టవ్ వచ్చిందని మీ వంశం మారలేదు. ఇక్కడ రాయి చెప్పగలిగింది పద్ధతి మారిందని మాత్రమే. ఆ పైన అన్నది మన ఊహ.

ఊహ అన్నానని తీసిపారేయకండి. ఊహ మంచిదో చెడ్డదో పరీక్షించే దారులున్నాయి. అందుకు మన తెలుగు నేలమీదే మంచి ఉదాహరణ ఉంది, కాసేపు అక్కడ ఆగుదాం. పాత మహబూబ్‌నగర్ జిల్లాలో ఉట్నూరు అని ఒక ఊరు. ఆదిలాబాద్ ఉట్నూరు కాదు. అక్కడ, అనంతపురం వైపు, బళ్ళారి, రాయచూరు జిల్లాల్లో బూడిద దిబ్బలు ఉన్నాయి. కొన్ని చాలా పెద్దవి. తెల్లటి, బూడిద రంగు పొరలు, మధ్యలో గాజులా కరిగి గట్టిపడిన ముద్దలు. హంపీ దగ్గర నింబాపురంలో ఉన్నదాన్ని వాలిని దహనం చేసిన చోటు అంటారు. తెల్లదొరల్లో కొందరు అగ్నిపర్వతం అన్నారు, కొందరు ఇనుము కరిగించిన చిట్టెం అన్నారు. ఆ గాజు ముద్దల్ని చూస్తే ఎవరికైనా అలాగే అనిపిస్తుంది.

ఇది పశువుల పేడ కాలిన బూడిద అన్నది పల్లావరం ఫుట్‌గారే. పేడకి గాజు ఎక్కడిది? గడ్డిలో ఇసుకలాంటి సిలికా ఉంటుంది. పశువు తిన్నా అది అరగదు, పేడలోనే మిగులుతుంది. పెద్ద కుప్పకి నిప్పంటుకుని లోపల వేడి బాగా ముదిరితే కరిగి గాజవుతుంది. తర్వాత ప్రయోగశాలలో పరీక్షించినా పేడ అనే తేలింది.

1957లో బ్రిటిష్ పురావస్తు శాస్త్రవేత్త రేమండ్ ఆల్చిన్ ఉట్నూరులో తవ్వారు. బూడిద పొరల మధ్య పశువుల గిట్టల అచ్చులు దొరికాయి. చుట్టూ గుంజలు పాతిన గుంతల వరసలు. అంటే ఇది దొడ్డి. కంచె కట్టారు, పశువుల్ని తోలారు, పేడ పేరుకుంది, కాలింది, మళ్ళీ కంచె కట్టారు. నాలుగైదు వేల ఏళ్ళ కిందట ఒక ఆవు తొక్కిన అడుగు వల్ల అగ్నిపర్వతం, కొలిమి, వాలి దహనం, అన్నీ ఒక్క దెబ్బకి పక్కకి పోయాయి. నాకు ఈ తవ్వకాల వృత్తిమీద గౌరవం పెంచింది ఇలాంటి రుజువులే, బంగారు నిధులు కావు.

మరి ఎందుకు కాల్చారు? ఇక్కడ ఇప్పటికీ పేచీయే. ఆల్చిన్ దాన్ని పశువుల్ని మంటల మీదుగా తోలే పండుగలతో ముడిపెట్టారు. కర్ణాటక పల్లెల్లో సంక్రాంతికి ఇప్పటికీ అలా తోలుతారు. పుణె డెక్కన్ కాలేజీకి చెందిన పురావస్తు శాస్త్రవేత్త కె. పద్దయ్య కర్ణాటకలోని బూదిహాళ్‌లో తవ్వితే, దిబ్బ పక్కనే జనం కాపురమున్న చోటు, పశుమాంసం కోసిన చోటు బయటపడ్డాయి. అది ఊరే, పోగుపడిన పేడని అప్పుడప్పుడూ తగలబెట్టేవాళ్ళు అన్నది ఆయన వాదన. నా ఓటు పద్దయ్యగారికి. పండుగ లేదనడానికి రుజువు లేదు నిజమే, కానీ ఆయన దిబ్బ దగ్గరే ఆగిపోకుండా పక్కన ఉన్న ఇళ్ళు కూడా తవ్వి చూశారు.

పక్కన ఏముంది అన్నదే ఇందులో అసలు ప్రాణం. పల్లావరంలో శుక్రవారం సంత జరుగుతుంది, చూసే ఉంటారు. పాత ఇత్తడి దీపం ఒకటి కొంటే దీపం వస్తుంది గానీ, ఎవరింట్లో వెలిగిందో రాదు. గుప్తనిధుల పిచ్చితో సమాధులు తవ్వేవాళ్ళు చేసే నష్టం సరిగ్గా అదే. కుండ పగిలినా అతికించుకోవచ్చు. పొరని చెరిపేస్తే మళ్ళీ రాదు.

చివరిగా శివగళై. తమిళనాట ఇప్పుడు అందరి నోటా ఉన్న పేరు. తూత్తుకుడి జిల్లాలోని ఆ శ్మశానవాటికలో సమాధి కుండలు, వాటిలో ఇనుప వస్తువులు దొరికాయి. ఒక కుండలోని వరి ధాన్యం క్రీ.పూ. 1155 నాటిదని 2021లో ప్రకటించారు. 2025 జనవరిలో వచ్చిన నివేదికలో బొగ్గు నమూనాలు క్రీ.పూ. 3345 దాకా వెళ్ళాయి. అది నిలబడితే ప్రపంచంలో ఇనుము చరిత్రే మారుతుంది. అందుకే టీవీల్లో అంత హడావిడి, అంత గొడవ.

నాకు తమిళులమీద అసూయ లేదు, ఇరవై ఏళ్ళుగా వాళ్ళ మధ్యే బతుకుతున్నాను. కానీ ఒక ప్రశ్న అడగక తప్పదు: తారీకు దేనికి తీశారు? బొగ్గుకి. బొగ్గు చెప్పేది ఆ చెట్టు భాగం ఎప్పుడు పెరిగిందో. ముసలి మాను దుంగ కావచ్చు, పాత బొగ్గు తర్వాత ఆ కుండలో చేరి ఉండొచ్చు. ఆ బొగ్గూ ఇనుమూ ఒకేసారి అక్కడికి చేరాయని పొర తీరు చూపించాలి. మరిన్ని కుండల నుంచి, వేర్వేరు ల్యాబుల నుంచి అవే లెక్కలు రావాలి. ఇనుములో కొలిమి బొగ్గు నుంచి చేరిన కార్బన్ మిగిలి ఉంటే, దాన్నే నేరుగా పరీక్షించే వీలూ ఉంది. అవి వచ్చాక నేనే ఇంకో వీడియో చేసి సంబరపడతాను.

ఈలోపు ఒక సాయం చేయండి. మీది గద్వాల, మక్తల్, అనంతపురం, రాయచూరు వైపు అయితే, మీ ఊళ్ళో బూడిద దిబ్బ ఉంటే, దాన్ని జనం ఏమని పిలుస్తారో, దానిమీద ఏ కథ చెబుతారో కింద రాయండి. చాలా దిబ్బల్ని ఎరువుకని పొలాలకి తోలేశారు. మీదింకా ఉంటే తవ్వకండి, ఫోటో పెట్టండి చాలు.