కొండి కోయని మొక్కలు

అందరికీ నమస్కారం.

బుధవారం పొద్దున్న మెలకువ వస్తే, వీధి మాత్రం ఆదివారంలా నిశ్శబ్దంగా ఉంది. లండన్ ఆసుపత్రిలో కళ్ళకు కట్టుతో పడుకున్న బిల్ మేసన్‌కు బస్సుల చప్పుడు వినపడదు. బెల్ కొడితే ఎవరూ రారు. ముందు రాత్రి ఆకాశంలో ఆకుపచ్చ మెరుపులు మెరిశాయి. చూసినవాళ్ళందరికీ తెల్లారేసరికి చూపు పోయింది. కట్టు ఉండబట్టి బిల్ మిగిలాడు.

1951లో జాన్ విండమ్ రాసిన ‘ది డే ఆఫ్ ది ట్రిఫిడ్స్’ నవల మొదలయ్యేది ఇలాగే. ఆయన 1903లో ఇంగ్లండ్‌లో పుట్టారు. అసలు పేరు చాంతాడంత ఉంటుంది, అందులోంచే ముక్కలు తీసుకుని కలం పేర్లు పెట్టుకున్నారు. 1930ల్లో అమెరికా పత్రికలకు కథలు రాశారు. రెండో ప్రపంచ యుద్ధంలో మొదట సెన్సార్ ఉద్యోగం, తర్వాత సైన్యం. ఫ్రాన్స్‌లోని నార్మండీ దాకా వెళ్ళివచ్చారు. పేరొచ్చింది మాత్రం ఈ నవలతోనే.

బ్రయన్ ఆల్డిస్ అనే మరో బ్రిటిష్ రచయిత ఇలాంటి నవలలను ‘హాయైన ప్రళయాలు’ అన్నారు. నేను ఒప్పుకోను. ఆసుపత్రి బయట బిల్ ఒక పబ్‌లోకి వెళ్తాడు. యజమానికి చూపు లేదు, తాగి ఉన్నాడు. భార్యకూ పిల్లలకూ చూపు పోతే ఆమె గ్యాస్ తిప్పేసి వాళ్ళతో సహా ప్రాణం తీసుకుంది. అతనూ తాగి, వాళ్ళ దగ్గరికే మేడమీదికి వెళ్ళిపోతాడు. ఇందులో హాయి ఎక్కడుంది?

ఇక ట్రిఫిడ్. మనిషికంటే ఎత్తైన మొక్క. మూడు మొద్దు కాళ్ళ మీద నడుస్తుంది. పైన చుట్టుకుని ఉన్న కొండి పదడుగుల దూరం విసురుతుంది. తేలు కొండిలాగే అందులో విషం. అలాంటిదాన్ని తోటలు వేసి పెంచుతారు, ఎందుకంటే దాని నుంచి మంచి నూనె వస్తుంది. కొండి కోసేస్తే ప్రమాదం ఉండదు, కానీ కోయకపోతే నూనె ఇంకా బాగుంటుంది. అందుకని తోటల్లో కోయరు. నన్ను ఈ నవల దగ్గర ఆపేసింది ఈ ఒక్క లెక్కే. మొక్కలు మనమీద దండెత్తలేదు. కాస్త మేలైన నూనె కోసం మనమే కొండి ఉంచి, చుట్టూ కంచె వేసి, కాపలా కాస్తూ పెంచాం. కాపలావాళ్ళకు చూపు పోయింది, అంతే.

ఆ తోటల్లో పనిచేసే లక్నర్ అనే మనిషి ఈ సంగతి ముందే బిల్‌తో అంటాడు. మనిషికి ఉన్న పైచేయి అంతా కళ్ళతోనే, చూపు లేని మనిషీ ట్రిఫిడూ ఎదురుపడితే తను ట్రిఫిడ్ మీదే పందెం కాస్తానని. దానికి కళ్ళు మొదటి నుంచీ లేవు మరి.