తెల్ల కుక్క ముఖం మీద ఎర్ర చారలు

శ్రోతలకు నమస్కారం. ఇంట్లో షిట్జునో మాల్టీసో తెల్ల పొమేరియనో ఉన్నవాళ్లకు ఈ చారలు బాగా తెలుసు. కళ్ల కొలకుల నుంచి ముక్కు పక్కగా దిగుతాయి, తుప్పు రంగులో. వచ్చినవాళ్లందరూ "స్నానం చేయించరా దీనికి?" అంటారు. స్నానానికీ దీనికీ సంబంధం తక్కువ.

కుక్క కన్నీటిలో పోర్ఫిరిన్లని కొన్ని రంగు పదార్థాలు ఉంటాయి, ఎర్ర రక్తకణాలు విరిగినప్పుడు పుట్టేవి. కన్నీరు బొచ్చు మీద ఆరి, వెలుతురు తగిలేకొద్దీ ఆ రంగు ముదురుతుంది. లాలాజలంలోనూ ఇవే ఉంటాయి, అందుకే అదేపనిగా నాకే పాదాలు కూడా ఎర్రబడతాయి. నల్ల కుక్కకూ ఇదంతా జరుగుతుంది, కనిపించదంతే.

కాబట్టి రంగు వెనక పడకండి, నీరు ఎందుకు కారుతోందో చూడండి. మామూలుగా కన్నీరు కంటి లోపలి మూలనున్న సన్నని గొట్టంలోంచి ముక్కులోకి పోతుంది. తూము పూడితే చెరువు గట్టు మీద నుంచి పొర్లినట్టే, గొట్టం మూసుకుపోతే నీళ్లు చెంప మీదికొస్తాయి. డాక్టర్లు కంట్లో ఒక రంగు చుక్క వేసి, అది ముక్కులోంచి పచ్చగా దిగుతోందా లేదా అని చూస్తారు. ఇది కాక కంట్లోకి పొడుచుకునే వెంట్రుకలు, లోపలికి మడిచిన రెప్ప, అలర్జీ, చప్పిడి ముఖాల కుక్కల్లో ఉబ్బి ఉండే కళ్లు, ఇవన్నీ కారణాలే.

శుభ్రం చేయడం పెద్ద పనేం కాదు, రోజూ చేయాలి, అదే కష్టం. కాచి చల్లార్చిన నీళ్లలో దూది ముంచి పుసి నానేదాకా ఆనించి ఉంచి, కంటి నుంచి బయటివైపు తుడవండి, ఒక్కో కంటికి వేరే దూది. ఆ తర్వాత పొడి గుడ్డతో తడి లేకుండా అద్దండి, చాలామంది వదిలేసేది ఇదే, తడిగా ఉంటే అక్కడ ఈస్ట్ అనే ఒక రకం బూజు పెరిగి పుల్లటి వాసన వస్తుంది. కంటి చుట్టూ బొచ్చు కత్తిరించడం మాత్రం గ్రూమర్‌కే వదలండి, కుక్క తల విదిలిస్తే కత్తెర ఎటు పోతుందో చెప్పలేం.

హైడ్రోజన్ పెరాక్సైడ్, నిమ్మరసం, మనుషుల షాంపూ కంటి దగ్గరికి రానివ్వకండి. ఇంట్లో మిగిలిన కంటి చుక్కలు అసలే వద్దు: స్టెరాయిడ్ ఉన్న చుక్కలు పుండు పడ్డ కంట్లో వేస్తే కన్నే పోవచ్చు. తిండిలో కలిపితే చారలు పోతాయనే పొడులనూ నమ్మకండి. టైలోసిన్ అనే యాంటీబయాటిక్ కలిపిన అలాంటివి అనుమతి లేకుండా అమ్ముతున్నారని 2014లో అమెరికాలో మందుల నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ హెచ్చరిక లేఖలు పంపింది. తెల్లదనం కోసం నెలల తరబడి యాంటీబయాటిక్ పెట్టడమేమిటి, నాకు అర్థం కాదు.

కన్ను ఎర్రబడినా, చికిలించినా, కాలితో రుద్దుకుంటున్నా, పచ్చటి పుసి వస్తున్నా, నిన్నటిదాకా బాగున్న కంట్లోంచి హఠాత్తుగా నీళ్లు కారినా ఆ రోజే పశువుల డాక్టరు దగ్గరికి తీసుకెళ్లండి. రాజేంద్రనగర్, తిరుపతి, గన్నవరం వెటర్నరీ కాలేజీల్లో ఆసుపత్రులున్నాయి. కారణం తెలిసి మందు పడ్డాక కూడా పాత బొచ్చు తెల్లబడదు. కొత్తది పెరిగి, పాతది కత్తిరించేదాకా కొన్ని వారాలు ఆ చారలు అలాగే ఉంటాయి.