అప్పీలు క్షమాపణ పత్రం కాదు

నమస్కారం. చెన్నై టి.నగర్‌లో ఒక బట్టల దుకాణంలో లెక్కలు చూసే నెల్లూరు అబ్బాయిని, డబ్బు తీశాడంటూ ఉద్యోగం నుంచి తీసేశారు. ఆ ఉత్తర్వు మీద రాసుకున్న అప్పీలు నిన్న నాకు చదివి వినిపించాడు. "అయ్యా, పొరపాటు జరిగిపోయింది. పెద్ద మనసుతో క్షమించండి. ఇంట్లో ముసలి తల్లిదండ్రులున్నారు." వింటుంటే నాకు కోపం వచ్చింది. అతని మీద కాదు, అలా రాయమని సలహా ఇచ్చిన పెద్దమనిషి మీద. ఎందుకంటే ఆ అబ్బాయి డబ్బు తీయలేదు. ఇప్పుడు తీశానని తన చేత్తో తానే సంతకం పెట్టబోతున్నాడు!

పరీక్షల్లో రీవాల్యుయేషన్ మనందరికీ తెలుసు. మార్కులు తగ్గితే "మా నాన్న పేదవాడు, పాస్ చేయండి" అని రాస్తామా? "ఈ జవాబు సరైనదే, మళ్లీ దిద్దండి" అంటాం. అప్పీలు కూడా అంతే.

చెన్నైలో దుకాణమైనా, ఆఫీసైనా ముందుగా చూడవలసింది 1947 నాటి తమిళనాడు దుకాణాలు, సంస్థల చట్టంలోని 41వ సెక్షన్. ఆరు నెలలు ఎడతెగకుండా పనిచేసిన ఉద్యోగిని సహేతుక కారణం లేకుండా తీసేయకూడదు. కారణం ఉండి తీసేసినా నెల రోజుల నోటీసో, నెల జీతమో ఇవ్వాలి. దుష్ప్రవర్తన ఆరోపిస్తే నోటీసు అక్కర్లేదు, కానీ విచారణ జరిపి సాక్ష్యం నమోదు చేసి ఉండాలి. కార్మికశాఖ అధికారికి పెట్టుకునే అప్పీలులో ఉద్యోగి చెప్పగలిగినవి రెండు: నన్ను తీసేయడానికి సహేతుక కారణం లేదు, లేదా నేను ఆ తప్పు చేయలేదు. చట్టమే ఈ మాటలు మన నోటికి అందిస్తుంటే, బతిమాలుకోవడం దేనికి?

రీవాల్యుయేషన్‌కు ముందు జవాబు పత్రం నకలు తెప్పించుకుంటాం కదా. ఇక్కడ ఆ నకలు విచారణ నివేదిక. విచారణ చేసినవారు ఒకరు, శిక్ష వేసేవారు మరొకరు అయితే, శిక్షకు ముందే ఆ నివేదిక ఉద్యోగికి ఇవ్వాలని 1993లో హైదరాబాద్‌లోని ప్రభుత్వ రంగ సంస్థ ఈసీఐఎల్ కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ప్రైవేటు సంస్థలకూ ఇది వర్తిస్తుంది. అయితే "నివేదిక ఇవ్వలేదు" అని ఊరుకుంటే చాలదు. అది అందకపోవడం వల్ల మీకు ఏ నష్టం జరిగిందో రాయాలి.

మన అబ్బాయి నివేదికే తీసుకోండి. సొమ్ము తగ్గిందన్న మూడు తేదీల్లో ఒక రోజు అతను సెలవులో ఉన్నాడు. హాజరు పట్టీలో స్పష్టంగా ఉంది. అప్పీలులో మొదటి వాక్యం కావలసింది అది. తల్లిదండ్రుల వయసు కాదు.

ఒక్క చోట మాత్రం ఈ పోలిక సరిపోదు. రీవాల్యుయేషన్‌లో కొత్తగా జవాబు రాయనివ్వరు. ఇక్కడ అప్పీలు అధికారి కొత్త సాక్ష్యం కూడా తీసుకోవచ్చు. ఇదే సెక్షన్ మీద 1997లో సుప్రీంకోర్టు ఆ మాట తేల్చింది. విచారణలో మీ సాక్షిని పిలవనివ్వలేదా? ఇక్కడ పిలిపించమని అడగండి.

సమయం అయిపోతోంది, మిగతావి త్వరగా చెబుతాను. ఉత్తర్వు అందిన 30 రోజుల్లో కార్మికశాఖలోని అప్పీలు అధికారికి దరఖాస్తు చేరాలి. కంపెనీ లోపల అప్పీలు పెట్టాం కదా అని ఈ గడువు పోగొట్టుకోవద్దు. ఉద్యోగం నుంచి తీసేసినప్పుడే ఈ దారి, ఇంక్రిమెంటు కోతకు కాదు. మేనేజర్ స్థాయి వారికి ఇది వర్తించదు. సస్పెన్షన్‌లో ఉంటే 1981 నాటి తమిళనాడు చట్టం ప్రకారం జీవన భృతి అడగండి: మొదటి 90 రోజులు సగం జీతం, 180 రోజుల వరకు ముప్పావు వంతు, జాప్యం మీ వల్ల కాకపోతే ఆ తరువాత పూర్తిగా. ఇక "రాజీనామా ఇస్తే మర్యాదగా పంపిస్తాం" అంటే సంతకం పెట్టకండి. మీ అంతట మీరే వెళ్లిపోయారని రేపు వాదిస్తారు.

ఆ అబ్బాయికి ఉత్తర్వు అంది ఇవాళ్టికి 19 రోజులు. సాయంత్రం ఇద్దరం కూర్చుని ఆ మొదటి వాక్యం మళ్లీ రాస్తున్నాం.